మేనమామను బ్లాక్ చేయక్కర్లేదు

2015 అక్టోబరు 28న మార్క్ జుకర్‌బర్గ్ ఢిల్లీ ఐఐటీకి వచ్చాడు. ఏమడగాలనుకుంటున్నారో ముందే రాయమని ఫేస్‌బుక్‌లో జనాన్ని కోరాడు. అప్పటికి దేశంలో ఫేస్‌బుక్ తెచ్చిన ఉచిత ఇంటర్నెట్ పథకం ‘ఫ్రీ బేసిక్స్’ మీద పెద్ద గొడవే నడుస్తోంది. అలాంటి రోజుల్లో కూడా అన్నిటికంటే ఎక్కువ ఓట్లు పడ్డ ప్రశ్న ఏమిటో తెలుసా? క్యాండీ క్రష్ ఆహ్వానాలు రాకుండా ఏం చేయాలి! సభంతా గొల్లుమంది. జుకర్‌బర్గ్ కాదనలేదు. ఫేస్‌బుక్‌లో ఏనాడూ ఆటల జోలికి పోనివాళ్లకు కూడా ఆహ్వానాలు పంపే పాత ఏర్పాట్లు కొన్ని ఉన్నాయనీ, వాటిని మూసే పని ఇంతదాకా వెనక పడిపోయిందనీ, ఇక్కడికి వచ్చే ముందే ఆ పని చూసే మనిషికి చెప్పాననీ అన్నాడు.

అన్నాడు సరే. మీరు ఈ అధ్యాయం తెరిచారంటే ఆ బెడద మిమ్మల్ని ఇంకా వదల్లేదనే కదా. ఎందుకు వదల్లేదంటే, ఆ ఆహ్వానం కంపెనీ పేరుతో రాదు. మీ మేనమామ ఫొటోతో వస్తుంది.

ఈ ఆటల్ని కట్టిన తీరే అంత. క్యాండీ క్రష్‌లో మనిషికి ఐదు ప్రాణాలు. ఓడినప్పుడల్లా ఒకటి పోతుంది. పోయిన ప్రాణం తిరిగి రావాలంటే అరగంట ఆగాలి. ఆగే ఓపిక లేకపోతే డబ్బు పెట్టి కొనాలి, లేదా తెలిసినవాళ్లను అడగాలి. ఫేస్‌బుక్‌లో ఆడిన తొలి రోజుల్లో కొన్ని మెట్లు ఎక్కాక ముగ్గురు స్నేహితులు టికెట్ ఇస్తేగానీ తర్వాతి దారి తెరుచుకునేది కాదు. అంతకుముందు, 2009 జూన్‌లో వచ్చిన ఫామ్‌విల్ ఇంకా గడుసుది. అందులో స్ట్రాబెర్రీ వేస్తే 4 గంటల్లో కోతకొచ్చేది. టైముకు వచ్చి కోయకపోతే వాడిపోయేది. దారితప్పిన ఆవు ఒకటి ఫలానావాళ్ల పొలంలోకి వచ్చింది, దానికి ఆశ్రయం ఇవ్వండి అంటూ మీ పేరు పెట్టి మీ స్నేహితులందరికీ కబురు పెట్టేది. పాలమూరులో బోరు ఎండి చెలక బీడు పడితే, ఆ ఇంటి పిల్లలే హైదరాబాద్ ఆఫీసుల్లో కూర్చుని తెర మీద స్ట్రాబెర్రీలు కోసిన కాలం అది. ఆటలు నేరుగా నోటిఫికేషన్లు పంపకుండా 2010 మార్చిలో ఫేస్‌బుక్ ఒకసారి కట్టడి చేసింది. ఫామ్‌విల్ కూడా 2020 డిసెంబరు 31తో మూతపడింది. పద్ధతి మాత్రం పోలేదు. లూడో, క్యారమ్స్, చక్రం తిప్పి నాణేలు గెలిచే ఆటలు, అన్నీ అదే బాటలో నడుస్తున్నాయి. మనం ఎవరిని కాదనలేమో వాళ్లతోనే మనల్ని అడిగిస్తాయి.

మన ఇళ్లల్లో ఇది ఇంకా బాగా పారుతుంది. బావమరిది పంపింది నొక్కకపోతే ఏమనుకుంటాడో, వదిన పంపింది తీసేస్తే తెలిసిపోతుందేమో అన్న మొహమాటం మనకు పుట్టుకతోనే వస్తుంది. దాంతో జనం రెండు రకాలుగా చెడిపోతున్నారు. కొందరు విసుగొచ్చి మనిషినే అన్‌ఫ్రెండ్ చేస్తారు. ఆ సంగతి దసరాకు ఊళ్లో బయటపడుతుంది, ఇక చూడండి. మిగిలినవాళ్లు నోరు మూసుకుని అన్నీ భరిస్తారు. రెండూ అక్కర్లేదు. ఆటను బ్లాక్ చేయవచ్చు, ఆ మనిషి పంపే ఆట ఆహ్వానాలను మాత్రమే బ్లాక్ చేయవచ్చు. చేసినట్టు ఆయనకు కబురు పోదు. ఆయన పెట్టే పెళ్లి ఫొటోలు, మనవడి పుట్టినరోజు వీడియోలు మీకు ఎప్పటిలాగే వస్తాయి. ఈ ఒక్క సంగతి తెలియక తెగిపోయిన పలకరింపులు చాలా ఉన్నాయని నా అనుమానం.

ఇంతకీ కొన్ని పనికిరాని మెసేజులు వస్తే ఏం కొంప మునిగింది అంటారా? ఒక ఫోన్ దగ్గరగా చూద్దాం. నల్లగొండ దగ్గర బత్తాయి తోట ఉన్న ఒక రైతు ఫోన్ అనుకోండి. పొద్దున ఏడు గంటలు. లాక్ స్క్రీన్ మీద ఎవరో సినిమా తార బొమ్మ, కింద ‘ఇప్పుడే ఆడండి’. దాని కింద ‘మీ ప్రాణాలు నిండాయి’. దాని కింద బావమరిది లూడోకు సవాలు విసిరాడు. ఫోన్ కంపెనీవాళ్ల సొంత యాప్ దుకాణం ‘ఈ వారం టాప్ గేమ్స్’ అంటోంది. ఫేస్‌బుక్‌లో ఎవరో ఈయన స్కోరు దాటిపోయారట. ఈయన ఆ ఆట ఆడి రెండేళ్లయింది. అన్నిటి అడుగున ముడుచుకుపోయి నాలుగున్నాయి: నిన్న టన్ను ఎంత పలికిందో కమీషన్ ఏజెంటు పెట్టిన మెసేజ్, సీజనుకు ఎకరాకు 6,000 చొప్పున రైతు భరోసా జమ అయినట్టు బ్యాంకు మెసేజ్, కొడుకు హాస్టల్ నుంచి ఒకటి, సొసైటీ నుంచి ఎరువుల సంగతి ఒకటి. ఆయన బొటనవేలుతో కింది మూలకు పోతాడు. ‘క్లియర్ ఆల్’. బత్తాయి రేటూ పోయింది, బ్యాంకు మెసేజూ పోయింది.

అసలు నష్టం అక్కడుంది. చెత్త చూడటానికి పట్టే అర నిమిషం ఎవరికీ పెద్ద లెక్క కాదు. చెత్తతో పాటు అన్నిటినీ ఒక్క తుడుపు తుడిచే అలవాటు పడుతుంది చూడండి, అది ఖరీదైనది. నారాయణపేట, మక్తల్ వైపు నుంచి ముంబై, పుణె, బెంగళూరు పనులకు పోయిన కుటుంబాలకైతే ఊరితో ఉన్న సంబంధమంతా ఆ ఫోనే. మేస్త్రీ ఎప్పుడు బయల్దేరమన్నాడో, ఊళ్లో అమ్మకు ఒంట్లో బాగుందో లేదో, పంపిన డబ్బు చేరిందో లేదో అందులోనే తెలియాలి. అందుకే ఫోన్ పక్కన పడేయండి, వారానికో రోజు డిజిటల్ ఉపవాసం చేయండి అనే సలహా నేను ఇవ్వను. అది నెల జీతం, ల్యాండ్‌లైన్, ఆదివారం సెలవు ఉన్నవాళ్లకు బాగానే ఉంటుంది. మనం చేయాల్సింది ఏరివేత.

ఏరివేత మొదలుపెట్టే ముందు ఒక్క మాట. చెరువుకు నాలుగు తూములుంటే ఒకటి మూసి నీళ్లు ఆగలేదని తిట్టుకుంటే లాభం లేదు. ఆటల గోల కూడా ఒక్క దారిన రాదు. అందుకే ఏదైనా కనిపించగానే తీసేయకుండా, ఇది ఎక్కడి నుంచి వచ్చిందో ఒక్క క్షణం చూడండి. ఫేస్‌బుక్ లోపలి నుంచా, ఫోన్‌లో ఉన్న ఆట నుంచా, వాట్సాప్ టెలిగ్రామ్ గ్రూపు నుంచా, ఎస్ఎంఎస్‌గా వచ్చిందా? మందు దాన్ని బట్టే.

ముందు ఫేస్‌బుక్. దీని మెనూల పేర్లు తరచూ మారుతుంటాయి, కాబట్టి మూడోది నొక్కి ఐదోది నొక్కండి అని నేను రాస్తే మీ చేతికి ఈ పుస్తకం వచ్చేనాటికి అది తప్పవుతుంది. సెట్టింగ్స్‌లోకి పోతే పైన వెతికే పెట్టె ఉంటుంది. అందులో ‘బ్లాకింగ్’ అని కొట్టండి. మనుషుల్ని బ్లాక్ చేసేది వేరే ఉంటుంది, దాన్ని ముట్టుకోకండి. ఆట ఆహ్వానాలను బ్లాక్ చేసేది, యాప్‌ను బ్లాక్ చేసేది కింద కనబడతాయి. మొదటిదాంట్లో అస్తమానం పంపే మనిషి పేరు, రెండోదాంట్లో ఆట పేరు. మీకు పదిమంది ఒకే ఆట పంపుతుంటే ఆటను బ్లాక్ చేయండి. ఒకే మనిషి పది ఆటలు పంపుతుంటే ఆ మనిషి ఆహ్వానాలను ఆపండి. నోటిఫికేషన్ల పట్టీలో ఒక్కోదాని పక్కన మూడు చుక్కలుంటాయి. వాటిని నొక్కి ‘ఇలాంటివి ఆపు’ అన్న దాన్ని ఎంచుకుంటే, అప్పటికప్పుడు పని అవుతుంది. ఇక ఆటలో గెలిచిన ప్రతిసారీ గోడ మీద వేసుకునే మనిషైతే ‘స్నూజ్’ ఉంది; 30 రోజుల పాటు ఆయన పోస్టులు కనబడవు, స్నేహం అట్లాగే ఉంటుంది. ‘అన్‌ఫాలో’ చేసినా అంతే, కాకపోతే గడువు లేదు.

అదే వెతికే పెట్టెలో ‘యాప్స్ అండ్ వెబ్‌సైట్స్’ అని కొట్టండి. ఇక్కడ కాస్త నిలబడి చూడాలి. ఎప్పుడో మీ ఫేస్‌బుక్ ఖాతాతో లాగిన్ అయిన ఆటలు, క్విజ్‌లు అన్నీ అక్కడ వరసగా ఉంటాయి. పోయిన జన్మలో మీరెవరు, మీ మొహం ఏ హీరోను పోలి ఉంది, మీ చావు ఎప్పుడు... ఇలాంటివి. అవి వట్టి సరదా కావని 2018లో లోకానికి తెలిసింది. కేంబ్రిడ్జ్ అనలిటికా అనే కంపెనీ వ్యవహారంలో వ్యక్తిత్వ పరీక్ష పేరుతో ఒక యాప్ వచ్చింది. మన దేశంలో దాన్ని పెట్టుకున్నవాళ్లు 335 మంది. వాళ్ల స్నేహితుల జాబితాల ద్వారా సమాచారం బయటికి పోయి ఉండవచ్చని ఫేస్‌బుక్ చెప్పిన లెక్క 5,62,120 మంది. ఈ అయిదు లక్షల పైచిలుకు జనం ఏ పరీక్షా రాయలేదు, ఏ బటనూ నొక్కలేదు. వాళ్లకు తెలిసిన ఒకరు నొక్కారు. ఆ తర్వాత నిబంధనలు బిగించారు, నిజమే. అయినా ఆ పట్టీలో మీరు గుర్తుపట్టలేనిది ప్రతిదీ తీసేయండి. మీకు వచ్చే ఆహ్వానాల మీద కోపమొచ్చినప్పుడు, మీ పేరుతో ఎవరెవరికి ఏమేం పోతున్నాయో కూడా చూసుకోవాలి కదా.

ఇక ఫోన్. ఇక్కడ మీకు ఎవరి మొహమాటమూ లేదు, కత్తెర గట్టిగా ఆడించండి. నోటిఫికేషన్ కనబడగానే పక్కకు తోసేయడం మానండి. దాని మీద వేలు నొక్కి పట్టుకోండి. ఆపే బటను గానీ, చక్రం గుర్తు గానీ వస్తుంది. 2017లో వచ్చిన ఆండ్రాయిడ్ 8 నుంచి ఒక సదుపాయం ఉంది: యాప్ తన కబుర్లను రకాలుగా విడగొట్టి ఉంటే, ఏ రకానికి ఆ రకం విడిగా ఆపుకోవచ్చు. అంటే లూడోలో తమ్ముడు పిలిచిన కబురు ఉంచుకుని, ‘రోజువారీ బోనస్’ కబురును ఆపవచ్చు. నిజంగా ఇష్టపడి ఆడే ఆటకు ఇది చాలు. ఆడని ఆటను అసలు ఎందుకు ఉంచుకోవడం, తీసి పారేయండి. 2022లో వచ్చిన ఆండ్రాయిడ్ 13 నుంచి కొత్త యాప్ ఏదైనా సరే నోటిఫికేషన్లు పంపాలంటే ముందు మిమ్మల్ని అడగాలి. ఆ అడిగినప్పుడు చాలామంది తొందరలో ‘అలో’ నొక్కేస్తారు, అది దాటితేగానీ ఆట మొదలవదేమోనని. కాదు. వద్దన్నా ఆట ఆడుకోవచ్చు. ఐఫోన్‌లో అయితే నోటిఫికేషన్‌ను ఎడమకు జరిపితే ఆప్షన్స్ వస్తాయి, అక్కడే ఆపేయవచ్చు.

తక్కువ ధర ఫోన్లలో ఇంకో చికాకు ఉంది. డబ్బా విప్పేటప్పటికే కొన్ని ఆటలు, యాప్ దుకాణాలు లోపల కూర్చుని ఉంటాయి. తెర తెరవకముందే బొమ్మలు, వార్తలు, ఆటలు చూపించే ‘గ్లాన్స్’ చాలా ఫోన్లలో ఉంటుంది. సెట్టింగ్స్‌లో లాక్ స్క్రీన్ దగ్గరికి పోయి దాన్ని ఆపేయండి. ఫోన్‌తో పాటు వచ్చిన ఆటలు తీసేయడానికి రాకపోతే ‘డిజేబుల్’ చేయడానికి చాలావరకు వస్తాయి. ఈ గోల తట్టుకోలేక ‘నోటిఫికేషన్ క్లీనర్’ అని ఏదో కొత్త యాప్ వేసుకునేవాళ్లున్నారు. దొంగను పట్టమని ఇంకో దొంగకు తాళం ఇచ్చినట్టే. అది చూపించే ప్రకటనలతో మీకు కొత్త పని పడుతుంది.

పిల్లలున్న ఇంట్లో ఇంకో కోణం ఉంది. బడి నుంచి రాగానే తండ్రి ఫోన్ కొడుకు చేతికి పోతుంది. ఆటలో ‘స్నేహితుల్ని పిలువు, 500 నాణేలు పట్టు’ అని ఉంటుంది. ఆ పిల్లవాడికి స్నేహితులు అంటే తండ్రి కాంటాక్ట్‌లే. పది నిమిషాల్లో మండలాఫీసు గుమాస్తాకు, మేస్త్రీకి, ఎరువుల దుకాణం సేటుకు, పోయినేడు పెళ్లి సంబంధం చూసిన పెద్దమనిషికి తండ్రి పేరుతో ఆహ్వానం పోతుంది. పిల్లవాణ్ని కొట్టి ప్రయోజనం లేదు. ఫోన్ సెట్టింగ్స్‌లో ఆ ఆటకు ఉన్న ‘పర్మిషన్స్’ తెరిచి కాంటాక్ట్స్ అనుమతి తీసేయండి. ప్లే స్టోర్‌లో ప్రతి కొనుగోలుకూ పాస్‌వర్డ్ అడిగేట్టు పెట్టండి. లూడో ఆడటానికి మన ఊరి సేటు నంబరు ఏం అవసరమో ఏ కంపెనీ చెప్పలేదు, చెప్పదు కూడా.

ఇప్పటిదాకా చెప్పింది చికాకు సంగతి. ఇక చెప్పబోయేది ఇల్లు ముంచే సంగతి, కాబట్టి ఇక్కడ నా గొంతు కొంచెం మారుతుంది.

ఆట అనే మాట కింద డబ్బు పందేలు కూడా వస్తాయి. రమ్మీ, క్రికెట్ బెట్టింగ్, రంగులు చెప్పి డబ్బు కట్టేవి. తెలంగాణలో 1974 నాటి గేమింగ్ చట్టాన్ని 2017లో సవరించి, ఆన్‌లైన్‌లో డబ్బు పెట్టి ఆడే ఆటల్ని, రమ్మీతో సహా, నిషేధించారు. 2025 మార్చిలో బెట్టింగ్ యాప్‌లకు ప్రచారం చేశారని సినీ తారల మీద, యూట్యూబర్ల మీద పంజాగుట్ట, మియాపూర్ పోలీస్ స్టేషన్లలో కేసులు నమోదయ్యాయి. అప్పుడు ఆర్టీసీ ఎండీగా ఉన్న సజ్జనార్ ఈ యాప్‌లకు వ్యతిరేకంగా సోషల్ మీడియాలో పెద్ద ఎత్తున ప్రచారం నడిపారు. అదే ఏడాది ఆగస్టులో పార్లమెంటు దేశమంతటికీ చట్టం చేసింది. డబ్బు ఆటలు నడిపితే మూడేళ్ల దాకా జైలు, కోటి రూపాయల దాకా జరిమానా. ప్రచారం చేస్తే రెండేళ్ల దాకా జైలు, 50 లక్షల దాకా జరిమానా. అంటే మీ తెర మీద ఇలాంటి ప్రకటన కనబడిందంటే, అది చట్టం దాటి వచ్చిందన్నమాట. క్యాండీ క్రష్‌లా ఆపేసి ఊరుకోకండి, ‘రిపోర్ట్’ కొట్టండి. మీ లొకేషన్ వేరే చోట ఉన్నట్టు చూపించుకో అని ఏ గ్రూపులోనైనా ఎవడైనా నేర్పుతుంటే, వాడి ఉద్దేశం అర్థం చేసుకోవడానికి అంతకంటే సాక్ష్యం అక్కర్లేదు.

యూట్యూబ్‌లో, గూగుల్‌లో వచ్చే ప్రకటనలకు ‘మై యాడ్ సెంటర్’ ఉంది. అందులో సున్నితమైన విషయాల జాబితాలో జూదం కూడా ఉంటుంది. దాన్ని ఆపితే ఆ రకం ప్రకటనలు తగ్గుతాయి. పూర్తిగా పోతాయని గూగుల్ కూడా అనదు. షార్ట్స్‌లో ఎవరైనా నోట్ల కట్టలు పరిచి ‘లింక్ బయోలో ఉంది’ అంటే, మూడు చుక్కలు నొక్కి ఆ ఛానల్ సిఫారసు చేయొద్దని చెప్పండి. తిట్టడానికైనా కామెంట్ పెట్టకండి. వీడియో మీద మీరు ఆగినా, దాని కింద తిట్టినా మీకు అలాంటివాటి మీద ఆసక్తి ఉందనే లెక్కకు రావచ్చు.

ఇలాంటివాటికి అసలైన అడ్డా టెలిగ్రామ్, వాట్సాప్ గ్రూపులు. ఐపీఎల్ మొదలవగానే ఎవరో మిమ్మల్ని ఒక గ్రూపులో పడేస్తారు, అందులో వందలమంది, ‘నిన్న 500 పెట్టి 8,000 లేపిన’ అని స్క్రీన్‌షాట్లు. వాట్సాప్ సెట్టింగ్స్‌లో ప్రైవసీ, అందులో గ్రూప్స్ దగ్గర ‘ఎవ్రీవన్’ ఉంటే ‘మై కాంటాక్ట్స్’ చేయండి. ఇక ముక్కూముఖం తెలియనివాళ్లు నేరుగా చేర్చలేరు, ముందు మీకు విడిగా ఆహ్వానం పంపాలి. టెలిగ్రామ్‌లో కూడా ప్రైవసీ కిందే అదే ఏర్పాటు ఉంది. వాట్సాప్‌లో తెలియని నంబర్ల కాల్స్ మోగకుండా చేసే సదుపాయం కూడా ఉంది. కానీ వలస పనులకు పోయేవాళ్లకు, మార్కెట్లో సరుకు అమ్ముకునేవాళ్లకు దాన్ని నేను చెప్పను. పని ఇచ్చే మేస్త్రీ చాలాసార్లు కొత్త నంబరుతోనే పిలుస్తాడు.

ఇంకొకటుంది, దీని మీద పోలీసులు పదేపదే హెచ్చరిస్తున్నారు. పండగ శుభాకాంక్షలని, పెళ్లి పత్రిక అని, పీఎం కిసాన్ అని వాట్సాప్‌లో ఒక ఫైలు వస్తుంది, పేరు చివర ‘ఏపీకే’ అని ఉంటుంది, అంటే అది ఒక యాప్. తెలిసినవాళ్ల నంబరు నుంచే వస్తుంది, ఎందుకంటే వాళ్ల ఫోన్ అప్పటికే హ్యాక్ అయింది. పెళ్లి పత్రిక ఫొటోగా వస్తుంది, పీడీఎఫ్‌గా వస్తుంది, ఏపీకేగా రాదు. నొక్కకండి. నొక్కి, ఖాతాలో డబ్బు పోయిందని తెలిస్తే ఎవరినీ సలహా అడుగుతూ కూర్చోకండి, 1930కి ఫోన్ చేయండి. ఎంత తొందరగా చేస్తే ఆ డబ్బును మధ్యలో ఆపగలిగే అవకాశం అంత ఎక్కువ.

ఎస్ఎంఎస్‌ల పని తేలిక. ఇంగ్లిషులో స్టార్ట్ అని కొట్టి, ఒక ఖాళీ వదిలి, సున్నా కొట్టి 1909కి పంపండి. ప్రచార మెసేజులకు అడ్డు పడుతుంది. ఓటీపీలు ఆగిపోతాయేమో, బ్యాంకు మెసేజులు రావేమో అని భయపడేవాళ్లు ఉన్నారు, అవేవీ ఆగవు. 2025 నుంచి మెసేజ్ పంపినవాళ్ల పేరు చివర ఒక ఇంగ్లిషు అక్షరం వస్తోంది: ‘పి’ ఉంటే ప్రచారం, ‘జి’ ఉంటే ప్రభుత్వం, ‘టి’ ఉంటే లావాదేవీ, ‘ఎస్’ ఉంటే సేవ. బొటనవేలు తుడిచే ముందు కన్ను ఆ అక్షరం మీద పడితే చాలు.

చివరికి మనుషుల సంగతి. ఆహ్వానం ఆపేశారు, ఆ విషయం మామకు తెలియదు. కానీ ఏదో ఒక రోజు ఆయన అడుగుతాడు.

“ఏం అల్లుడూ, ఎన్నిసార్లు పంపినా ఒక్కదానికి కూడా జవాబియ్యవేందిరా?”

ఇక్కడ అబద్ధం ఆడి, చూడలేదు మామా, నెట్ లేదు మామా అంటే, ఆయన మళ్లీ పంపి “ఇప్పుడొచ్చిందా?” అంటాడు. ఉన్నది చెప్పడమే సులువు: “నా ఫోన్ల ఆటలన్నీ బంద్ పెట్టిన మామా. పని మెసేజులు కనబడక తిప్పలైతున్నది. నువ్వు ఫోన్ చెయ్, ఎత్తుతా.” పని పేరు చెబితే మన దగ్గర ఎవరూ తప్పుపట్టరు. పైగా నూటికి తొంభై మందికి తాము పంపుతున్నట్టే తెలియదు. ఆట మధ్యలో ఒక పెద్ద పచ్చ బటను వస్తుంది, అది నొక్కితే ప్రాణం వస్తుంది, అంతవరకే వాళ్లకు తెలుసు. దాని వెనక మీ పేరు, ఇంకో నలభై మంది పేర్లు టిక్కు పెట్టి ఉన్నాయని చూసుకోరు.

కాబట్టి పండక్కి ఊరికి పోయినప్పుడు పెద్దమ్మ ఫోన్ అడిగి తీసుకోండి. ఆమెకు ముందే భరోసా ఇవ్వాలి, లేకపోతే ఇవ్వదు. “నా ఆట పోగొడ్తవేమో బిడ్డా, పదేండ్ల సంది ఆడుతున్న” అంటుంది. ఆట ఎక్కడికీ పోదని చెప్పండి. ఆమె పక్కనే కూర్చుని, ఆమె కళ్ల ముందే కాంటాక్ట్స్ అనుమతి తీసేయండి.  ఆ పచ్చ బటను వచ్చినప్పుడు ఎక్కడ నొక్కితే మూసుకుంటుందో ఆమె వేలుతోనే రెండుసార్లు నొక్కించండి. మీరు నొక్కి చూపిస్తే ఆమెకు గుర్తుండదు. ఖాతాను మాత్రం ఆట నుంచి విడదీయకండి. ఆమె దాటిన వందల మెట్లు ఫేస్‌బుక్ లాగిన్‌తోనే భద్రంగా ఉండి ఉంటే, అది తెంపగానే మళ్లీ ఒకటో మెట్టు నుంచి మొదలవుతుంది. ఆ పాపం నెత్తిన వేసుకోకండి.

ఒక్కోసారి పెద్దమ్మ తెలిసే పంపుతుంటుంది, అది కూడా కనిపెట్టాలి. పిల్లలంతా బయట ఉంటే, రోజూ పొద్దున ఒక ప్రాణం పంపడం ఆమెకు పలకరింపు. అలాంటి చోట ఆహ్వానం ఆపిన వారం నుంచి మీరు ఫోన్ చేయడం మొదలుపెట్టకపోతే, మీరు ఆపింది ఆటను కాదు.

ఇదంతా ఒక్క రోజులో చేయాలని కూర్చుంటే మధ్యలో విసుగొచ్చి వదిలేస్తారు. ఫేస్‌బుక్ పట్టీ ఒక సాయంత్రం, వాట్సాప్ టెలిగ్రామ్ అనుమతులు ఇంకో సాయంత్రం. ఫోన్ నోటిఫికేషన్లకు వేరే సమయం పెట్టుకోవద్దు. వచ్చినదాన్ని వచ్చినప్పుడే వేలు నొక్కి పట్టి ఆపుతూ పోతే, ఒక వారం తిరిగేసరికి చాలావరకు తేలిపోతుంది. కొత్త ఫోన్ కొన్నప్పుడు మాత్రం ఒకటి గుర్తుపెట్టుకోండి. ఫేస్‌బుక్‌లో, గూగుల్‌లో, వాట్సాప్‌లో చేసిన మార్పులు మీ ఖాతాతో పాటే కొత్త ఫోన్‌కు వస్తాయి. వేలు నొక్కి పట్టి ఆపినవి, లాక్ స్క్రీన్ బొమ్మలు, యాప్‌లకు ఇచ్చిన అనుమతులు ఆ ఫోన్‌వి. కొత్తదాంట్లో అవి అట్లాగే వస్తాయని నమ్మకం పెట్టుకోకండి. దుకాణంలో కుర్రాడు ఫోన్ తెరిచి చకచకా అన్నిటికీ ‘అలో, అలో’ కొడుతుంటే, డబ్బు ఇచ్చే ముందే ఆపి, ఫోన్ మీ చేతికి తీసుకోండి.